కొసరు లేని తీసివేత

ఒక ఏడు వానలు మెండుగా కురిసి మా బాహూరు చెరువు నిండిపోయినప్పుడు, చేప ఒకటి గట్టు దాటి రోడ్డు మీదికి వచ్చి పుదుచ్చేరి బస్సెక్కిందని, కండక్టరు దానికి అర టికెట్టు కొట్టాడని నేను చెబితే, మా కుట్టు లైనులో నమ్మినవాళ్ళు ఉన్నారు. నిలబడి వచ్చిందా, కూర్చుని వచ్చిందా అని అడిగినవాళ్ళు కూడా ఉన్నారు. ఆడచేప కాబట్టి ఆడవాళ్ళ సీట్లో కూర్చుందని చెప్పాను. తట్టాంచావడిలో మాది యూనిఫాం చొక్కాలు కుట్టే చిన్న కంపెనీ. మిషన్ల రొదలో సాయంత్రం దాకా మనిషి మనిషిలా ఉండాలంటే ఎవరో ఒకరు అబద్ధాలు చెప్పాలి. ఆ పని నేను మనస్ఫూర్తిగా చేశాను. జీతం మాత్రం కాలర్లు కుట్టినందుకే ఇచ్చేవాళ్ళు.

ఆ కాలర్లే నన్ను పట్టించాయి. కుట్టు వంకర పోవడం మొదట నాకు తెలియలేదు. నా పక్క మిషను మీద పనిచేసే ఆమెకు తెలిసింది. నాకంటే చిన్నది, నన్ను అక్కా అంటుంది. నేను కుట్టిన కాలర్లు తన ఒళ్ళోకి లాక్కుని, విప్పి, మళ్ళీ కుట్టి, నా గంపలోనే వేసేది. ఆ సంగతి ఒక్క రోజు కూడా పైకి చెప్పలేదు. నేను చూసి అడిగితే దారం తెగిందక్కా అంది. కంటి డాక్టరు లోపలి పొర పాడవుతోందన్నాడు. అద్దాలతో కుదరదు, సూది పని మానేయాలన్నాడు. ఇది నేను అల్లిన కథ అయి ఉంటే ఆ డాక్టరుకు ఒక కొయ్య కాలు కూడా పెట్టి ఉండేదాన్ని. అలాంటి సరదా ఏమీ తోచలేదు.

ఇంట్లో మా ఆయన మంచం మీద ఉన్నాడు. వ్యాను నడిపే మనిషి, సరుకు దించుతూ జారిపడితే నడుము పట్టేసింది. గోడ పట్టుకుని స్నానాల గది దాకా వెళ్ళి వస్తే ఆ రోజుకు అదే పెద్ద ప్రయాణం. ఇల్లు నా మిషను మీదే నడుస్తోంది. ఆ మిషను నాకిక ఎన్నాళ్ళో ఉండదు. సూపర్‌వైజరు మంచిది, డాక్టరు అన్న మాట నేనే వెళ్ళి చెబితే నన్ను పక్కకు పిలిచి ఒక దారి చెప్పింది. గుడ్డల స్టోరులో ఒక చోటు ఖాళీ అయింది. తానులు దించుకోవడం, కటింగు వాళ్ళకు కొలిచి ఇవ్వడం, ఎంత మిగిలిందో చెప్పడం, అంతే. సూది ముట్టుకోనక్కర్లేదు. లైనులో వాళ్ళెవరైనా అడగవచ్చు, కానీ ఊరికి కొత్తగా వచ్చిన మేనేజరు పరీక్ష పెడతాడట. లెక్కల పరీక్ష. అందులో తప్పితే ఇంటికి పోవడమే.

లెక్కలు ఎలాంటివని అడిగితే ఆమె ఫోనులో పాత కాగితం ఫొటో చూపించింది. నేను దాన్ని ముఖానికి ఆనించుకుని చదివాను. ఒకడి దగ్గర ఇన్ని లీటర్లూ ముప్పావు, మరొకడికి ఇన్ని లీటర్లూ పావు ఇచ్చాడు, మిగిలింది ఎంత? అన్నీ అవే. పూర్తి అంకె ఒకటి, దాని పక్కన తోకలా భిన్నం ఒకటి. బడిలో ఆ పాఠం చెప్పిన వారం నేను అమ్మవారు పోసి ఇంట్లో పడుకున్నాను. నాకు తగ్గాక బడి ముందుకు వెళ్ళిపోయింది, ఆ పాఠం నా కోసం వెనక్కి రాలేదు.

మా ఇంటి మేడ మీద మా వదిన ఉంటుంది. మా ఆయన అక్క. మా వీధిలో సగం మందికి ట్యూషన్ చెప్పిన మనిషి. మొగుడు పోయాక కూడా చాపలు పరిచి ముప్పయి ఏళ్ళు లెక్కలే చెప్పింది. నా కథలంటే ఆమెకు ఒళ్ళు మంట. నేను చేప సంగతి మొదలుపెడితే లేచి వెళ్ళిపోయే శ్రోత ఆమె ఒక్కతే. ఆమె దగ్గరికి వెళ్ళి నాకు లెక్కలు చెప్పమని అడగడం కంటే ఆ బాహూరు చెరువులో దూకడం సులువు. అయినా మెట్లెక్కాను.

"నీకు కణక్కా?" అంది వదిన. కణక్కు అంటే మా ఇళ్ళల్లో లెక్క. ఆ ముక్క ఎక్కడో తమిళంలోంచి వచ్చి మా నోళ్ళలో కాపురం పెట్టింది. "నీ నోట్లో ఒకటి పదయితాది. పది నూరయితాది. తీసేసేది నీకు ఎట్ట వస్తాదే?"

"తీసేసేది రాకుంటే నన్నే తీసేస్తారు వదినా," అన్నాను.

అది విని ఆమె చాప పరిచింది.

మొదటి లెక్క పాలవాడిది. వాడి దగ్గర ఎనిమిదీ పావు లీటర్ల పాలు ఉన్నాయి, మూడూ ముప్పావు అమ్మాడు, మిగిలింది ఎంత? ఎనిమిదిలోంచి మూడు పోతే ఐదు. పావు, ముప్పావు ఎదురెదురుగా నిలబడ్డాయి. పెద్దదాంట్లోంచి చిన్నది తీయడమే లోక మర్యాద కాబట్టి ముప్పావులోంచి పావు తీశాను, అర వచ్చింది. ఐదున్నర అని చెప్పాను. వదిన పలక నా వైపు తిప్పి, అమ్మిందీ మిగిలిందీ కలిపి చూడమంది. కలిపితే తొమ్మిదీ పావు. పాలు మొదట ఉన్నదానికంటే ఒక లీటరు ఎక్కువయ్యాయి.

"ఆ లీటరు యాడినించి వచ్చె?"

"నీళ్ళు కలిపుంటాడు వదినా. మీకు పాలవాళ్ళ సంగతి తెల్దు."

నా చేతిలో సుద్దముక్క లాగేసుకుంది. నేను పరిహాసానికి అనలేదు. వాడు కనిపించాడు నాకు. సైకిలు, గుడ్డ చుట్టిన క్యాను, బోరింగు దగ్గర అటూ ఇటూ చూడడం. ఎవరి లెక్క చదివినా ఆ మనిషి వచ్చి ఎదురుగా కూర్చుంటాడు. రిబ్బను కత్తిరించిన అమ్మాయి ఎందుకు కత్తిరించింది, ఎవరి జడకు? పుచ్చకాయలో రెండు బై మూడు వంతులు ఒక్కడే తిన్నవాడికి ఆ రాత్రి ఏమైంది? ఇవి తేలితే గాని నాకు లెక్క కదలదు. ఇవి తేలేసరికి లెక్క అడుగున పడిపోతుంది.

చిన్నదాంట్లోంచి పెద్దది తీయాల్సి వస్తే పక్కనున్న పూర్తి అంకెలో ఒకటి పగలగొట్టాలని వదిన చెప్పింది. ఎనిమిది ఏడవుతుంది. పగలగొట్టిన ఒకటి నాలుగు పావులవుతుంది. ఉన్న పావుతో కలిపి ఐదు పావులు. అందులోంచి మూడు పావులు తీస్తే రెండు పావులు, అంటే అర. ఏడులోంచి మూడు పోతే నాలుగు. జవాబు నాలుగున్నర. ఆమె చెబుతుంటే అంతా అర్థమవుతుంది. ఆమె పలక తుడిచి నా చేతికిస్తే ఎనిమిది నన్ను చూస్తూ కూర్చుంటుంది. నిండుగా, చల్లగా, ఎవరి జోలికీ పోకుండా ఉన్న ఎనిమిదిని నేను ఎందుకు పగలగొట్టాలి? చెయ్యి రాదు. వారమంతా అలాగే గడిచింది. వదిన తిట్టడం మానేసింది. అప్పుడు నాకు నిజంగా భయమేసింది.

దారి ఇంకో వైపు నుంచి దొరికింది. ఒక ఆదివారం మధ్యాహ్నం, వదిన కునుకు తీస్తుంటే, పలక ముందు పెట్టుకుని మా అవ్వను తలుచుకున్నాను. మా అవ్వ బాహూరులో గానుగ నూనె అమ్మేది. మూత బిగించిన డబ్బాలు వరసగా ఉండేవి, కొలిచి పోయడానికి విప్పిన డబ్బా ఒకటి పక్కన ఉండేది. విప్పినదాంట్లో నూనె చాలకపోతే తప్ప కొత్త మూత తీసేది కాదు. తీయాల్సి వస్తే గొణుక్కుంటూ తీసేది. నాకు ఒక్కసారిగా అర్థమైంది. ఎనిమిది మూత డబ్బాలు, విప్పిన డబ్బాలో పావు. అందులోంచి మూడూ ముప్పావు తీయాలి. విప్పినదాంట్లో పావే ఉంది. అవ్వా, మూత తియ్యి. అవ్వ గొణిగింది, తీసింది. ఏడు డబ్బాలు మిగిలాయి, విప్పినదాంట్లో ఐదు పావులు. పోసింది. నాలుగున్నర.

గబగబా ఇంకో లెక్క చేశాను. ఆరూ ఒకటి బై మూడు, అందులోంచి రెండూ ఐదు బై ఆరు. అవ్వ ఈసారి ఆరు భాగాల గరిటె తీసింది. మూత తీసింది. మూడున్నర. నేను వదినను లేపి పలక చూపించాను. ఆమె కళ్ళజోడు వెతుక్కుని, చూసి, మళ్ళీ చూసి, సరే ఇంకోటి చెయ్యమంది. అది బియ్యం లెక్క. ఒకామె దగ్గర తొమ్మిదిన్నర కిలోలు, పొరుగింటికి నాలుగూ ముప్పావు కొలిచి ఇచ్చింది. నేను అవ్వను పిలిచి, మూత తీయించి, కొలిపించి, నాలుగున్నర అని రాశాను.

"నాలుగూ ముప్పావు గదే రావాల్సింది. పావు కిలో యాడ పోయె?"

నేనూ వెతికాను. అంకెలన్నీ సరిగ్గా ఉన్నాయి. చివర్లో నా చెయ్యే తగ్గించింది. కాసేపటికి నాకే తెలిసి నసిగాను.

"కొసరు వదినా."

"ఏంది?"

"కొలిచినాక కొసరు వెయ్యల్ల గదా. మా అవ్వ ఏసేసింది."

కొసరు లేని బేరం మా ఇంట్లో నేను చూడలేదు. నూనె కొలిచి పోశాక కొన్నవాళ్ళు గిన్నె వెనక్కి తీసుకునేవాళ్ళు కాదు. అలాగే పట్టుకుని నిలబడేవాళ్ళు. అవ్వ గరిటె మళ్ళీ ఒంచేది, సన్నటి ధార ఒకటి పడేది, అప్పుడు గిన్నె కదిలేది. కొలత నాది, కొసరు నీది అనేది అవ్వ. అది వేయకపోతే ఇచ్చినట్టు కాదు, విసిరినట్టు. నాకు నడక రాకముందే ఆ చెయ్యి ఒంపు వచ్చిందని మా అమ్మ చెప్పేది. మా అమ్మ కూడా నాలాగే చెప్పే మనిషి కాబట్టి అందులో సగం తీసేసినా, మిగిలిన సగం నిజం.

వదిన పలక కింద పెట్టింది. పావు కిలో కొసరేమిటే, ఊరంతా దోచుకుపోతారు గదా అంది. తర్వాత నెమ్మదిగా, అవ్వను వదిలిపెట్టి ఉత్త అంకెలతో చెయ్యమంది. వదిలిపెట్టాను. తొమ్మిది కూడా ఎనిమిదిలాగే బండరాయై కూర్చుంది. చెయ్యి రాలేదు. అవ్వను పిలిస్తే మూత తీస్తుంది, కొసరు వేస్తుంది. అవ్వను పంపేస్తే మూత తీసే దిక్కు లేదు. అదీ నా గతి. ఏ కథ చెప్పి అయినా ఇంతవరకూ ఏ గుంటలోంచైనా బయటికి వచ్చాను. ఈ గుంట నా కథే తవ్వింది.

పరీక్ష దగ్గరపడింది. బస్సులో, మిషను ముందు, అన్నం వారుస్తూ తీసివేతలు చేశాను. పది చేస్తే నాలుగైదు సరిపోయేవి. మిగతావన్నీ ఒకే చోట, ఒకేలా, ఒక్క ముక్క తక్కువయ్యేవి. పక్క మిషను ఆమె నా కాలర్లు విప్పి కుట్టడం పెరిగిపోయి, తన లెక్క తగ్గిపోయి, సూపర్‌వైజరు చేత మాట పడింది. నా వల్ల పడిందని ఇద్దరికీ తెలుసు. మధ్యాహ్నం తన పులిహోరలో సగం ఎప్పటిలాగే నా గిన్నె మూతలో పెట్టి, ఆ చేప కథ మళ్ళీ చెప్పక్కా అంది. నేను మొదలుపెట్టాను గాని, బస్సెక్కాక చేప ఎక్కడ దిగిందో మర్చిపోయాను. ఆమె నవ్వలేదు. నీళ్ళు తాగమని సీసా జరిపింది.

ఇంట్లో మా ఆయన నా గొణుగుడు వింటూ పడుకునేవాడు. ఒక రోజు నేను వంట గదిలో ఉండగా మంచం దిగి నిలబడ్డాడు. వ్యాను ఓనరుకు ఫోను చేసి పనికి వస్తానని చెబుతాడట. గుమ్మం దాకా వచ్చాడు. అక్కడ తలుపు రెక్క పట్టుకుని ఆగిపోయాడు, ముఖం మీద చెమట. నేను వెళ్ళి పట్టుకుంటే, "నువ్వు ఫెయిలైతే ఏమయితాది, ఏం కాదు," అన్నాడు. అబద్ధం చెప్పడం చేతకాని మనిషి. ఇన్నేళ్ళు నాతో కాపురం చేసి అదొక్కటీ నేర్చుకోలేదు.

పరీక్ష మా భోజనాల షెడ్డులోనే. చాలామంది పేర్లిచ్చి చివరికి నలుగురం కూర్చున్నాం. కాగితం తమిళంలో, ఇంగ్లీషులో ఉంది. అక్షరాలు పెద్దవిగానే ఉన్నాయి, దేవుడికి దండం. నీళ్ళ ట్యాంకు కారింది, చేశాను. ఒకడు సేదరపేట్ దాకా నడుస్తున్నాడు, ఇంకా ఎంత దూరముంది, చేశాను. పూలావిడ దగ్గర ఐదూ పావు మూరల మల్లెలున్నాయి, రెండూ రెండు బై మూడు మూరలు ఇచ్చింది. ఇక్కడ జాగ్రత్త అనుకున్నాను. అవ్వా, కొలిచి పక్కకు తప్పుకో. గరిటె ముట్టుకోవద్దు. పన్నెండు భాగాలు చేశాను, మూత తీయించాను, తీసేశాను, జవాబు రాశాను. కింద నూనె లెక్క ఒకటి. అదీ రాశాను. బయటికి వచ్చేసరికి జాకెట్టు తడిసి వీపుకు అంటుకుంది. అయినా బాగా చేశాననే అనుకున్నాను. వదినకు అలాగే చెప్పాను. జవాబులు చెప్పమంది. గుర్తు లేవన్నాను. నిజంగానే గుర్తు లేవు.

రెండు రోజులకు మేనేజరు నన్నొక్కదాన్నే పిలిపించాడు. అద్దాల గది, చల్లటి గాలి, బల్ల మీద నా కాగితం. చిన్నవాడు, మర్యాద తెలిసినవాడు, కూర్చోమన్నాడు. తమిళంలో నెమ్మదిగా మాట్లాడాడు. మిగతావాళ్ళ కంటే నాకే ఎక్కువ మార్కులు వచ్చాయట. ట్యాంకు సరి, దూరం సరి, తాడు తెగిన లెక్క సరి. తప్పులు మాత్రం విచిత్రంగా ఉన్నాయి అన్నాడు. పూల లెక్క దగ్గర వేలు పెట్టాడు. రెండూ ఏడు బై పన్నెండు రావాలి, నేను రెండున్నర రాశాను. నూనె దగ్గర మూడూ ఏడు బై ఎనిమిది రావాలి, మూడూ ముప్పావు రాశాను. ఎవరైనా ఎవరికైనా ఇచ్చిన ప్రతి లెక్కలోనూ, సరిగ్గా ఒక్క ముక్క తక్కువ. ఎవరూ ఎవరికీ ఇవ్వని చోట ఒక్క తప్పూ లేదు.

"స్టోరులో ఎప్పుడూ మిగిలింది కొంచెం తక్కువ చూపిస్తే," అన్నాడు, "దాన్ని ఏమంటారో మీకు తెలుసా అమ్మా?"

నాకు తెలుసు. లెక్క రాదని ఇంటికి పోవడానికి నేను సిద్ధపడి ఉన్నాను. దొంగనని పోవడానికి సిద్ధంగా లేను. తట్టాంచావడిలో షెడ్లన్నీ ఒకదానికొకటి ఆనుకుని ఉంటాయి. ఒక గోడకు తెలిసింది అన్ని గోడలకూ తెలుస్తుంది. ఆ మాట నా వెనక బయలుదేరితే ఇంకెక్కడా చీపురు కూడా నా చేతికివ్వరు.

కొసరు గురించి చెప్పడం మొదలుపెట్టాను. అవ్వ, నూనె, గిన్నె పట్టుకుని కదలకుండా నిలబడేవాళ్ళు. ఎంత పొడిగా చెబుదామన్నా నా నోట్లో అది కథలాగే వచ్చింది. చేతులు కూడా కదిలాయి. సన్నటి ధార పడేచోట నాకు తెలియకుండా గొంతు తగ్గించాను, కథలో బాగున్న చోట తగ్గించినట్టే. అతను వింటూ చిన్నగా నవ్వాడు. ఆ నవ్వు నేను ఎరుగుదును. చేపకు అర టికెట్టు కొట్టినప్పుడు లైనులో నవ్వే నవ్వు అది. మీరు కథలు బాగా చెబుతారని విన్నానన్నాడు. నా బతుకులో చెప్పిన ఒకే ఒక్క ఉన్న మాటకు నాకు దొరికిన మెప్పు అది.

ఇంకేం చెప్పినా ఇంకో కథే అవుతుంది. అందుకని మాటలు ఆపేసి, ఇంకో లెక్క ఇవ్వండి సార్, మీ ఎదురుగానే చేస్తాను అన్నాను. ఎవరైనా ఎవరికైనా ఇచ్చే లెక్కే ఇవ్వండి. అతను ఆలోచించి తెల్ల కాగితం జరిపాడు. స్టోరులో పద్దెనిమిదీ ఒకటి బై ఆరు మీటర్ల గుడ్డ ఉంది, కటింగు సెక్షనుకు తొమ్మిదీ ముప్పావు ఇచ్చారు. మిగిలింది ఎంత?

కలం పట్టుకున్నాను. అంకెలు ఉత్త అంకెల్లా కూర్చున్నాయి. అవ్వ లేకుండా కదలవు. అవ్వను పిలిస్తే కొసరు వేయకుండా వెళ్ళదు. పిలిచాను, వేరే దారి లేదు. పన్నెండు భాగాలు. పద్దెనిమిదీ రెండు, అందులోంచి తొమ్మిదీ తొమ్మిది. రెండులోంచి తొమ్మిది రాదు. మూత తియ్యి. పదిహేడూ పద్నాలుగు. అవ్వ కొలవడం మొదలుపెట్టింది. గరిటె ఒంపడానికి ఆమె చెయ్యి లేస్తుండగా, ఎదురుగా గిన్నె పట్టుకుని నిలబడినవాడి ముఖం చూశాను. ఇన్నాళ్ళూ ఆ ముఖం చూడాలని నాకు తోచలేదు. అక్కడ ఎవరు నిలబడాలో నా చేతిలోనే ఉంది గదా. ఈ అద్దాల గది మనిషిని నిలబెట్టాను. నన్ను దొంగ అనబోయి మర్యాద కోసం ఆగిన మనిషిని. వీడికా కొసరు? అవ్వ గరిటె పక్కన పెట్టేసింది. ఎనిమిదీ ఐదు బై పన్నెండు. ఒక్క నూలుపోగు కూడా ఎక్కువ పోలేదు.

అతను సరిచూసుకుని, ఇంకోటి ఇచ్చాడు. ఇంకోటి. అన్నింట్లోనూ అతనికే ఇచ్చాను, అన్నీ సరిపోయాయి. చివరికి కాగితం మడిచి, మూడు నెలలు చూద్దాం, ప్రతి శనివారం సరుకు నేనే కొలుస్తాను, తక్కువ వస్తే ఇక మాటల్లేవు అన్నాడు. సరే సార్ అన్నాను. చేతులు జోడించాను గూడా. అతని మీద అంత కోపంగా ఉండి అంత వినయంగా నిలబడడం నాకు అదే మొదటిసారి.

వదినతో అంతా చెప్పాను. గిన్నె పట్టుకున్నవాడి ముఖం మార్చి లెక్క చేశానంటే, లెక్క సరిపోయింది గదా, అది చాలు అంది. మా ఆయన ఆ రాత్రి రెండుసార్లు అడిగాడు, చోటు ఖాయమేనా అని. ఖాయమే అన్నాను. మూడు నెలల సంగతి చెప్పలేదు.

స్టోరు మిషన్ల వెనక, కిటికీ లేని గది. తానులు గోడ పొడవునా నిలబెట్టి ఉంటాయి. కటింగు వాళ్ళు చీటీ తెస్తారు, నేను బల్ల మీద పరిచి, చేత్తో తడుముకుంటూ కొలుస్తాను, కత్తిరిస్తాను, తీసివేస్తాను. చేతిలో నిజం గుడ్డ ఉన్నప్పుడు ఆ ఒంపు మరీ బలంగా వస్తుంది. కత్తెర తనంతట తనే నాలుగు వేళ్ళు అవతలికి జరుగుతుంది. అందుకని వచ్చినవాళ్ళ ముఖం మీద మేనేజరు ముఖం పెట్టడం మొదలుపెట్టాను. కొన్నాళ్ళకు ఆ ముఖం అరిగిపోయింది. మనిషి నిజానికి చెడ్డవాడు కాదు, శనివారం కొలవడానికి వచ్చినప్పుడు నాకూ టీ తెప్పిస్తున్నాడు. అప్పటి నుంచి వచ్చిన ఒక్కొక్కరి మీదా విడివిడిగా కోపం వెతుక్కోవాల్సి వచ్చింది. కటింగు మాస్టరుకు పొగరు. ఇస్త్రీ అతను నా మాటకు ఒకసారి బదులు చెప్పలేదు. అలా వెతికితే దొరకనివాళ్ళు లేరు.

తర్వాత ఒక రోజు మధ్యాహ్నం భోజనానికి ముందు నా పాత పక్క మిషను ఆమె చీటీ పట్టుకుని వచ్చింది. కాలర్ల లోపల వేసే గుడ్డ, రెండూ మూడు బై ఎనిమిది మీటర్లు. తానులో ఆరూ పావు ఉంది. ఆమె బల్ల అంచు మీద మోచేతులు ఆనించి, కొత్త చోట చల్లగా ఉందే అక్కా అంది. నేను కొలిచి, గుర్తు పెట్టి, కత్తెర తీసుకున్నాను. ఆమె మీద కోపం కోసం వెతికాను. ఏమీ దొరకలేదు. నా వంకర కాలర్లు, ఆమె పడిన మాట, ఆ నీళ్ళ సీసా. కత్తెర నాలుగు వేళ్ళు జరిగింది. మరునాడు శనివారం.

వెతికితే దొరకనిదాన్ని అల్లడం నాకు తెలుసు. ఒక కథ అల్లుకున్నాను. ఆమె నా కాలర్లు విప్పి కుట్టింది దయతో కాదు, నా కళ్ళు పోయిన సంగతి సూపర్‌వైజరుకు మొదట చేరవేసింది ఆమే, నా మిషను మీద ఆమె చెల్లెలికి కన్నుంది. కథ చక్కగా కుదిరింది. ఎక్కడా అతుకు కనబడలేదు. ఆమెకు అసలు చెల్లెలే లేదు. కత్తెర వెనక్కి వచ్చి గుర్తు మీద నిలబడింది. సరిగ్గా కత్తిరించాను. మూడూ ఏడు బై ఎనిమిది మిగిలింది.

ఆమె గుడ్డ మడిచి చంకలో పెట్టుకుంది. కొలత చూసుకోలేదు. భోజనాల షెడ్డులో ఎప్పటిలాగే నా పక్కన కూర్చుని, తన పులిహోరలో సగం నా గిన్నె మూతలో పెట్టి, చెప్పక్కా ఏమైనా అంది. ఆ సూపర్‌వైజరుతో నువ్వేం చెప్పావని అడగబోయి ఆపుకున్నాను. ముద్ద నోటి దాకా వెళ్ళలేదు. ఆమె తింటూ నా కథ కోసం నా ముఖం వైపు చూస్తోంది. నేను ఆమె చేతుల వైపు చూస్తున్నాను, అవి దేన్ని దాస్తున్నాయా అని.